46 స్లైడ్‌లు, ఒకే ఒక్క గుండె

ప్రశ్న: మాది పార్వతీపురం మన్యం జిల్లాలో ఓ జిల్లా పరిషత్ హైస్కూలు. పదో తరగతికి జీవశాస్త్రం చెబుతాను. క్లాసులో పెద్ద ప్యానెల్ పెట్టాక రక్తప్రసరణ పాఠానికి ఇష్టంగా కూర్చుని 46 స్లైడ్‌ల పీపీటీ చేశాను. స్లైడ్ స్లైడ్‌కీ ఓ బొమ్మ ఉంది. కొన్ని బొమ్మలు ప్యానెల్ మీద మసకగా వస్తున్నాయి. ఫైల్ 190 ఎంబీ అయింది, పెన్‌డ్రైవ్‌లోంచి తెరిస్తే ఆగి ఆగి వస్తోంది. అన్నిటికన్నా బాధేమిటంటే, పిల్లలు నోళ్లు తెరుచుకుని చూశారు గానీ, యూనిట్ టెస్టులో గుండె పటం గీసి భాగాలు గుర్తించమంటే నిరుటి పిల్లలకన్నా ఘోరంగా రాశారు. నిరుడు నేను ఉత్త బోర్డు మీదే చెప్పాను. పొరపాటు ఎక్కడుంది? గూగుల్‌లో తీసిన బొమ్మలు వాడితే తప్పా? ఏఐతో గీయించుకోమని మా స్కూల్లో ఒక మాస్టారు అంటున్నారు. గీయించుకోవచ్చా?
– ఒక బయాలజీ టీచర్

టీచర్‌గారూ,

మసకకీ, ఎంబీలకీ మందులున్నాయి, చెబుతాను. మీ ఉత్తరంలో నన్ను పట్టుకున్నది మాత్రం ఆ ఒక్క వాక్యం: "నిరుడు నేను ఉత్త బోర్డు మీదే చెప్పాను." దాన్ని ముందు చూద్దాం.

నిరుడు మీరు బోర్డు మీద గుండె ఎలా గీశారో గుర్తు తెచ్చుకోండి. ముందు మామిడికాయ లాంటి ఆకారం ఒకటి గీసి ఉంటారు. నడిమిన ఒక నిలువు గోడ. తర్వాత అడ్డంగా ఇంకో గీత. పైన రెండు గదులు, కింద రెండు గదులు. గీత గీతకీ వెనక్కి తిరిగి ఏదో ఒక మాట అని ఉంటారు. పిల్లల పెన్సిళ్లు మీ సుద్దముక్క వెనకాలే నడిచాయి. మీరు ఆగితే వాళ్లూ ఆగారు. మీరు ఎర్ర సుద్దముక్క తీసుకునేసరికి, ఇక ఊపిరితిత్తుల నుంచి వచ్చే రక్తం గురించి చెబుతారని వెనక బెంచీ వాడికి కూడా తెలిసిపోయింది. పావుగంట పట్టింది. ఆ పావుగంటా బొమ్మ వాళ్ల కళ్ల ముందు పెరిగింది.

ఈ ఏడాది ఏమైంది? ఒక్క క్లిక్. గుండె మొత్తం, రంగులతో, నాళాలతో, పద్దెనిమిది పేర్లతో సహా తెర మీద ఊడిపడింది. ఎక్కడ మొదలుపెట్టి చూడాలో తెలియక పిల్లవాడు అబ్బో అనుకుని చూశాడు. ఈలోగా తర్వాతి స్లైడ్ వచ్చేసింది. వాడి తప్పేం లేదు. మీ తప్పు కూడా పెద్దదేం కాదు, బొమ్మల్ని పెట్టారు గానీ గీయలేదు, అంతే.

కాబట్టి గుండె బొమ్మకి వేరే వేరే స్లైడ్‌లు పదిహేను వద్దు. ఒకే బొమ్మ తీసుకుని దాన్ని తెర మీద పెంచండి. నేనైతే ఇలా చేస్తాను.

మొదటి క్లిక్‌కి బూడిద రంగులో గుండె అంచు ఒక్కటే. పేర్లు లేవు, నాళాలు లేవు. ఇక్కడ ఒక నిమిషం ఆగి, పటంలో ఎడమ పక్కన ఉన్నది గుండెకి కుడి పక్క అని చెప్పాలి. ఆ గుండె మనకి ఎదురుగా నిలబడ్డ మనిషిది కదా. ఒక పిల్లవాణ్ణి లేపి క్లాసు వైపు తిప్పి నిలబెట్టి, కుడి చెయ్యి ఎత్తమంటే సరిపోతుంది. పరీక్షలో కుడి కర్ణికనీ ఎడమ కర్ణికనీ (పై గదులు రెండిటినీ) తారుమారు చేసేవాళ్లలో చాలామందికి ఈ ఒక్క ముక్క ఎవరూ చెప్పి ఉండరు.

రెండో క్లిక్‌కి గోడలు, నాలుగు గదులు. మూడోదానికి బృహత్ సిరల నుంచి కుడి కర్ణికలోకి ఒక నీలం బాణం. నాలుగోదానికి దాని కింది గది, కుడి జఠరిక, అక్కణ్ణుంచి ఊపిరితిత్తులకి వెళ్లే పుపుస ధమని. ఇక్కడ మళ్లీ ఆగాలి, ఎందుకంటే ధమని అంటే ఎరుపు అని అప్పటిదాకా బట్టీ పట్టినవాళ్లకి నీలం ధమని కనపడుతుంది. "ఇదేంటి టీచర్?" అని ఎవరో ఒకరు అడుగుతారు. అడక్కపోతే మీరే అడగండి. గుండె నుంచి బయటికి తీసుకెళ్లేది ధమని, రంగుతో దానికి పని లేదు అన్నది అక్కడే బుర్రకెక్కుతుంది. అదే ఊపులో ఇంకో మాట కూడా అనండి: నీలం పటంలో గుర్తు కోసమే, ఒంట్లో ఏ రక్తమూ నీలంగా ఉండదు, ఆక్సిజన్ తగ్గిన రక్తం ముదురు ఎరుపులో ఉంటుంది. నీలం రంగు వేసిన మనమే ఈ మాట చెప్పకపోతే, వాళ్లు డిగ్రీకి వెళ్లాక కూడా సిరల్లో నీలం రక్తం పారుతుందనే నమ్ముతారు.

ఐదో క్లిక్‌కి ఊపిరితిత్తుల నుంచి ఎడమ కర్ణికకి ఎర్ర బాణం, ఆరోదానికి ఎడమ జఠరిక, బృహద్ధమని. కవాటాలు చివర్లో. పేరు ఏ గది గురించి చెబుతున్నారో ఆ గది పక్కనే రావాలి. పటంలో ఒకటి, రెండు, మూడు అని అంకెలు వేసి పేర్లన్నీ కింద మూలన పేర్చకండి. పిల్లవాడి కళ్లు పటానికీ ఆ జాబితాకీ మధ్య షటిల్ కొడుతూ ఉంటే చెవులు పని చెయ్యవు. అమెరికాలో రిచర్డ్ మేయర్ అనే మనస్తత్వ శాస్త్రవేత్త బొమ్మలు, మాటలు కలిపి నేర్పడం మీద దశాబ్దాల పాటు ప్రయోగాలు చేశారు. మాట బొమ్మకి పక్కనే ఉంటే బాగా నేర్చుకుంటారనీ, పాఠానికి అక్కర్లేని ఆకర్షణలు చేర్చే కొద్దీ నేర్చుకోవడం తగ్గుతుందనీ ఆయన ప్రయోగాల్లో తేలింది.

ఇంతకీ ఇది పవర్‌పాయింట్‌లో ఎలా? అనుమతితో వాడుకునే బొమ్మలు దొరికే వికీమీడియా కామన్స్ సైట్‌లో గుండె పటాలు ఎస్‌వీజీ రూపంలో దొరుకుతాయి. ఎస్‌వీజీ అంటే గీతలతో కట్టిన బొమ్మ, ఎంత పెద్దది చేసినా మసకబారదు. పవర్‌పాయింట్ 2019 గానీ, 365 గానీ ఉంటే మామూలు ఫోటోని పెట్టినట్టే దాన్ని ఇన్‌సర్ట్ చేయొచ్చు. బొమ్మ మీద నొక్కితే పైన గ్రాఫిక్స్ ఫార్మాట్ వస్తుంది, అందులో కన్వర్ట్ టు షేప్ నొక్కండి. తర్వాత కంట్రోల్, షిఫ్ట్, జీ కలిపి నొక్కితే ముక్కలు విడిపోతాయి. ఒక్కోసారి రెండుసార్లు నొక్కాలి. ఇక ఏ గది ఆ గదిదే. దేనికి ఏ రంగు కావాలంటే ఆ రంగు వేసుకోవచ్చు, యానిమేషన్స్‌లో అపియర్ పెట్టి ఒక్కొక్కటే రప్పించవచ్చు. ఎగిరి రావడం, గిరగిరా తిరగడం వద్దు. అపియర్ చాలు.

మీ దగ్గర పాత వెర్షన్ ఉంటే, లేదా ప్యానెల్‌లోని ఆఫీస్ యాప్ యానిమేషన్‌లని సరిగ్గా ఆడించకపోతే, మొరటు పద్ధతి ఒకటుంది. నాకు నిజానికి అదే ఇష్టం. పూర్తయిన స్లైడ్‌ని కంట్రోల్ డీ కొట్టి ఎనిమిది కాపీలు చేయండి. మొదటి కాపీలో ఇంకా చెప్పని భాగాల మీద తెల్ల డబ్బాలు కప్పేయండి. రెండోదాంట్లో ఒక డబ్బా తీసేయండి, మూడోదాంట్లో ఇంకొకటి. చూసేవాళ్లకి బొమ్మ పెరుగుతున్నట్టే ఉంటుంది, ఏ యాప్‌లోనైనా పనిచేస్తుంది, పీడీఎఫ్ చేసినా చెడదు.

ఇక మసక సంగతి. మీరు గూగుల్‌లో వెతికి, వచ్చిన గళ్లలోనే ఏదో ఒకదాని మీద రైట్‌క్లిక్ చేసి సేవ్ చేసి ఉంటారు. అక్కడ వచ్చేది అసలు బొమ్మ కాదు, దాని చిన్న నకలు. అడ్డంగా రెండు మూడు వందల పిక్సెల్స్ ఉంటుంది. దాన్ని స్లైడ్ అంతా పరచడమంటే చేతిరుమాలుని దుప్పటిలా లాగడమే. బొమ్మ ఉన్న సైట్‌లోకి వెళ్లి, అసలు బొమ్మని తెరిచి, అప్పుడు సేవ్ చేసుకోండి. లాప్‌టాప్‌లో ఫైల్ మీద రైట్‌క్లిక్ చేసి ప్రాపర్టీస్‌లో డీటెయిల్స్ చూస్తే ఎన్ని పిక్సెల్సో తెలుస్తుంది. స్లైడ్ నిండా వచ్చే బొమ్మకి అడ్డంగా 1900 పైన ఉండాలి, సగం స్లైడ్‌కి వెయ్యి ఉంటే చాలు. వాట్సాప్ గ్రూపులో వచ్చిన బొమ్మలు కూడా ఇదే రకం, దారిలోనే చిక్కిపోయి వస్తాయి. ఎవరినైనా పంపమని అడిగితే ఫోటోగా కాకుండా డాక్యుమెంట్‌గా పంపమనండి.

పనిలో పనిగా ఒక మాట. బొమ్మని పెద్దది చేసేటప్పుడు మూల పట్టుకునే లాగాలి. పక్కన మధ్యలో ఉండే చుక్క పట్టుకుని లాగితే గుండె కాస్తా గుమ్మడికాయ అవుతుంది.

190ని 46తో భాగించి చూశాను. ఒక్కో స్లైడ్‌కి నాలుగు ఎంబీల పైనే. అంటే మీ ఫైల్‌లో ఫోన్‌తో తీసిన ఫోటోలు బోలెడున్నాయి. ఇప్పటి ఫోన్‌లలో మామూలు ఫోటో 4000 పిక్సెల్స్ వెడల్పు ఉంటుంది, స్లైడ్‌కి అందులో సగం చాలు. చిత్రం చూడండి, గూగుల్ బొమ్మలు చాలక మసకబారాయి, ఫోన్ బొమ్మలు ఎక్కువై ఫైల్‌ని ముంచాయి. ముందు ఫైల్‌కి ఒక కాపీ తీసి పెట్టుకోండి. తర్వాత ఏదైనా ఫోటో మీద నొక్కి, పిక్చర్ ఫార్మాట్‌లో కంప్రెస్ పిక్చర్స్ తెరవండి. "ఈ బొమ్మకి మాత్రమే" అనే అర్థం వచ్చే టిక్ పైన ఉంటుంది, అది తీసేయండి. కత్తిరించిన భాగాలు తొలగించమనే టిక్ ఉంచండి. కింద వెబ్, 150 పీపీఐ (అంగుళానికి 150 పిక్సెల్స్) ఎంచుకోండి. స్లైడ్ వెడల్పు 13.33 అంగుళాలు కాబట్టి 150 చొప్పున రెండు వేల పిక్సెల్స్ వస్తాయి, ప్యానెల్‌కి అది చాలు. క్లాసులో పెన్‌డ్రైవ్‌లోంచి నేరుగా తెరవకుండా, ముందు కంప్యూటర్‌లోకి కాపీ చేసుకుని తెరవండి.

కత్తిరించిన భాగాలు తొలగించమనే ఆ టిక్ గురించి కాస్త వివరంగా చెప్పాలి, నా తల బొప్పి కట్టిన చోటు అది. ఒక శిక్షణ తరగతిలో, పిల్లలు పటాలు ఎలా తప్పుగా వేస్తారో చూపించడానికి ఒక జవాబు పత్రం ఫోటో స్లైడ్‌లో పెట్టాను. పైన అమ్మాయి పేరు, మార్కులు ఉంటే క్రాప్ చేసేశాను. తెర మీద ఏమీ కనపడలేదు. సాయంత్రం అందరూ అడిగితే ఫైల్ పంచాను. మర్నాడు ఒకాయన ఫోన్ చేసి, "సార్, ఆ అమ్మాయి మా ఊరి పిల్లే, పాపం మూడు మార్కులే వచ్చాయేం?" అన్నారు. పవర్‌పాయింట్‌లో క్రాప్ చేయడమంటే చించి పారేయడం కాదు, మడత పెట్టడం. ఎవరైనా మళ్లీ క్రాప్ నొక్కితే మడత విప్పుకుంటుంది. మీరు కంప్రెస్‌లో ఆ టిక్ ఉంచితేనే ఆ భాగం నిజంగా పోతుంది. పిల్లల ముఖాలు, హాల్‌టికెట్లు, ఆధార్ కాగితాలు ఉన్న ఫోటోలతో ఈ జాగ్రత్త మరవకండి.

గూగుల్ బొమ్మలు వాడితే తప్పా అని అడిగారు. గూగుల్ బొమ్మలకి యజమాని కాదు, దారి చూపించేది మాత్రమే. ప్రతి బొమ్మకీ గీసినవాళ్లో తీసినవాళ్లో ఉంటారు. మన దేశంలో 1957 నాటి కాపీరైట్ చట్టం 52వ సెక్షన్‌లో టీచర్లకి ఒక వెసులుబాటు ఉంది. పాఠం చెప్పే క్రమంలో టీచర్ గానీ విద్యార్థి గానీ ఒక కృతిని నకలు చేసుకుంటే అది ఉల్లంఘన కిందికి రాదు. కాబట్టి మీ క్లాసు గదిలో భయం అక్కర్లేదు. కానీ అదే పీపీటీని రేపు యూట్యూబ్‌లో పెడితే అది క్లాసు గది దాటిపోయినట్టే. అలాంటి ఆలోచన ఉంటే మొదటి నుంచీ అనుమతి ఉన్న బొమ్మలే తీసుకోండి. గూగుల్ ఇమేజెస్‌లో టూల్స్ నొక్కి, యూసేజ్ రైట్స్‌లో క్రియేటివ్ కామన్స్ పెడితే జల్లెడ పట్టినట్టు అవే మిగులుతాయి. వికీమీడియాలో ప్రతి బొమ్మ కిందా షరతు రాసి ఉంటుంది. సీసీ బై అని ఉంటే వాడుకోవచ్చు గానీ గీసినవారి పేరు వెయ్యాలి. బొమ్మ కింద చిన్న అక్షరాల్లో పేరు, లైసెన్సు వేస్తే సరి. వాటర్‌మార్క్ ఉన్న బొమ్మని మాత్రం దయచేసి పెట్టకండి. గుండె మీద అడ్డంగా ఎవరి కంపెనీ పేరో ఉంటే పిల్లలు దాన్నే చదువుతారు.

ఏఐ బొమ్మల విషయంలో నేను మీ మాస్టారితో ఏకీభవించను. అలంకారానికి సరే. శరీర భాగాల పటానికి మాత్రం వద్దు. అలా గీయించిన గుండెలు కొన్ని చూశాను. మెరుపు, నీడలు, అన్నీ అద్భుతంగా ఉంటాయి. జాగ్రత్తగా వేలు పెట్టి నాళం వెంట పోతే అది ఎక్కడికీ వెళ్లదు, లేదా బృహద్ధమని వెళ్లి తప్పు గదిలో తేలుతుంది. తెలుగులో పేర్లు వెయ్యమంటే గుణింతాలు గల్లంతై ఏ లిపో తెలియని అక్షరాలు వచ్చిన సందర్భాలున్నాయి. తప్పుని మీరు పట్టుకోగలరు, పిల్లలు పట్టుకోలేరు. అంత అందంగా ఉన్న బొమ్మ తప్పయి ఉంటుందని వాళ్లకి అనుమానం కూడా రాదు.

పేర్లు మీరే తెలుగులో టైప్ చేసుకోండి, యూనికోడ్‌లోనే. పాత డీటీపీ ఫాంట్లలో కొడితే ఇంకో కంప్యూటర్‌లో కర్ణిక కాస్తా పిచ్చి గుర్తులైపోతుంది. మీకు నచ్చిన ఫాంట్ ప్యానెల్‌లో ఉండకపోవచ్చు గనక, ఫైల్, ఆప్షన్స్, సేవ్‌లోకి వెళ్లి ఎంబెడ్ ఫాంట్స్ అన్నది టిక్ చేయండి. సైజు 24 కన్నా తగ్గకూడదు. నన్నడిగితే 28. తెల్ల నేపథ్యం మీద పసుపు అక్షరాలు కిటికీలు తెరిచి ఉన్న గదిలో కనపడవు. క్లాసుకి ముందు ఒకసారి చివరి బెంచీలో మీరే కూర్చుని చూడండి.

ఇప్పుడు ఆ 46లో ఏవి ఉంచాలి? మీరు ఫైల్ పంపలేదు గానీ ఊహించగలను. మొదటి స్లైడ్‌లో ప్రేమ గుర్తు గుండె ఉంటుంది. దాని చుట్టూ స్టెతస్కోపు. పల్స్ దగ్గర పరిగెత్తే మనిషి. ఆరోగ్యకరమైన ఆహారం అనే చోట యాపిల్, బ్రకోలీ. మీ పిల్లల్లో బ్రకోలీ తిన్నవాళ్లు ఎందరు? మునగాకు ఫోటో పెరట్లోనే దొరుకుతుంది కదా. 2014లో మైక్రోసాఫ్ట్ తన క్లిప్ఆర్ట్ గ్యాలరీ మూసేసినప్పుడు, ఇక స్లైడ్‌లలో అలంకారాల గోల తగ్గుతుందని సంబరపడ్డాను. అంతకన్నా పెద్ద సంత ఇంటర్నెట్‌లో తెరుచుకుంది. నేను పెట్టుకునే పరీక్ష ఒకటే: బొమ్మ మీద వేలు పెట్టి చెప్పడానికి నాకు ఒక మాటైనా ఉందా? లేకపోతే తీసేస్తాను. ప్రేమ గుర్తుని అయితే కచ్చితంగా తీసేయండి, టెస్టులో ఒకరిద్దరు దాన్నే గీసి ఉంటారని నా అనుమానం.

అసలు గుండె ఫోటో కూడా పాఠం మొదట్లో పెట్టకండి. కొవ్వు పట్టి, ఎర్రటి ముద్దలా ఉంటుంది, గదులు కనపడవు. ముందు పటం పెరగాలి. అది అయ్యాక, వీలైతే ఫోటో కూడా వద్దు, మటన్ కొట్టులో మేక గుండె ఒకటి తెప్పించండి. నిలువుగా కోసి పళ్లెంలో పెట్టి, కుడి జఠరిక గోడనీ ఎడమ జఠరిక గోడనీ చేత్తో నొక్కి చూడమనండి. ఎడమది ఎంత మందమో వేళ్లకే తెలుస్తుంది. ఊపిరితిత్తుల దాకా పంపేదానికీ, ఒళ్లంతా పంపేదానికీ ఉన్న తేడా అది. వాసనకి ముక్కు మూసుకునేవాళ్లు ఉంటారు, బలవంతం చేయొద్దు. వాళ్ల కోసం కోసిన గుండెని మీ ఫోన్‌తోనే, నల్ల పలక మీద పెట్టి, కిటికీ వెలుగులో ఫోటో తీసి ప్యానెల్ మీద చూపించండి. ఆ ఫోటోకి కాపీరైట్ బెంగ కూడా లేదు, అది మీదే.

పటం పెరిగి పూర్తయ్యాక, కీబోర్డు ఉంటే బీ నొక్కండి. స్లైడ్‌షోలో తెర మొత్తం నల్లగా అయిపోతుంది. నోట్ పుస్తకాలు తీసి, గుర్తున్నంత వరకు గీయమనండి. ఐదు నిమిషాలు. మళ్లీ బీ నొక్కితే బొమ్మ వస్తుంది, ఎవరి తప్పు వాళ్లు దిద్దుకుంటారు. నిరుడు మీ సుద్దముక్క వెనకాల నడిచిన పెన్సిళ్లకి ఈ ఏడాది పని దొరికేది ఇక్కడే. ఈ ఐదు నిమిషాల కోసం పది స్లైడ్‌లు వదులుకోవాల్సి వచ్చినా వదులుకోండి.

చివర్లో గులాబీ పువ్వుతో థాంక్యూ స్లైడ్ కూడా పెట్టే ఉంటారు, అందరం పెడతాం. క్లాసులో అన్నిటికన్నా ఎక్కువసేపు తెర మీద ఉండేది ఆ స్లైడే. డౌట్లు అడిగేటప్పుడూ, మీరు అటెండెన్స్ రిజిస్టర్ సర్దుకునేటప్పుడూ, బెల్ కొట్టాక వాళ్లు సంచులు భుజాన వేసుకునేటప్పుడూ అదే కనపడుతూ ఉంటుంది. గులాబీ తీసేసి అక్కడ గుండె పటం వదిలేయండి, పేర్లు లేకుండా, బాణాలు మాత్రమే ఉంచి.